ఉప్పు చూసే మనిషి

ఈ ఏడు రంజాన్ నెలలో మా ఇంట్లో పగటిపూట తినవలసిన మనిషి ఒక్కడే. ఆ ఒక్కడే తిననని మొండికేశాడు.

ఆయన మా నాయన, వలి సాహెబ్. ఎర్రగుంట్ల చుట్టుపక్కల పెళ్లి జరిగిందంటే బిర్యానీ డేగిసా ముందు ఆయన నిలబడాల్సిందే. ముప్పై ఎనిమిదేళ్లు అలా నిలబడ్డాడు. జనవరి ఆఖర్లో ప్రొద్దుటూరులో ఒక పెళ్లికి వండుతూ పొయ్యి ముందరే కూలబడిపోయాడు. కుడి చెయ్యి, కుడి కాలు పడిపోయాయి. మాట ముద్దయిపోయింది. ఇవన్నీ ఒక ఎత్తు, మింగలేకపోవడం ఒక్కటీ ఒక ఎత్తు. మెతుకు పెట్టినా దగ్గు, నీళ్లు పోసినా దగ్గు. కడప ఆసుపత్రిలో నెల్లాళ్లు ముక్కులోంచి గొట్టం వేసి పాలు పోశారు. ఆ గొట్టాన్ని నాయన ఎడమ చేత్తో రెండుసార్లు పీకేశాడు. రెండోసారి మళ్లీ వేస్తుంటే ఆయన కళ్లలోంచి నీళ్లు కారాయి. మా నాయన ఏడవగా చూడటం నాకు అదే మొదలు.

రంజాన్ నెలవంక కనబడటానికి రెండు రోజుల ముందు గొట్టం తీసేసి ఇంటికి పంపించారు. మింగడం నేర్పే శివజ్యోతి అనే అమ్మాయి నన్ను పక్కకు పిలిచి, చెంచా ఒకటి చేతికిచ్చింది.

"అక్కా, అన్నం వద్దు. సంగటి అసలే వద్దు, గొంతులో అతుక్కుంటాది. నీళ్లగా ఉండేవీ వద్దు, ఊపిరితిత్తుల్లోకి దిగుతాయి. ఉర్లగడ్డ, క్యారెట్, గెనుసుగడ్డ ఉడకబెట్టి, పాలు, నెయ్యి వేసి వెన్న మాదిరి చెయ్యి. చెంచా వంచితే ఒకే ముద్దగా జారి పడాల. కారకూడదు, అంటుకోకూడదు. అంతే లెక్క."

"ఎన్ని సార్లు పెట్టాలమ్మా?"

"ఐదారు సార్లు, కొంచెం కొంచెం. పగలే పెట్టు. పొద్దుగూకేసరికి అలిసిపోతాడు, అలిసినప్పుడు గొంతు మాట వినదు." గొంతు తగ్గించి మళ్లీ చెప్పింది. "పదహైదు రోజులకు తీసుకురాండి. బరువు తగ్గినాడంటే కడుపుకు బొక్క పెట్టి గొట్టం వెయ్యాల్సిందేనని పెద్ద డాక్టరు అంటాండాడు."

ఆమె గొంతు తగ్గించినా నాయనకు వినబడింది. కళ్లు గట్టిగా మూసుకున్నాడు.

నేను ఆయన ఒక్కగానొక్క కూతుర్ని, షబీనాని. అదే వీధిలో నాలుగిళ్ల అవతల మా కాపురం. మా ఆయన రెహమాన్ సిమెంటు లారీ మీద పోతాడు, నెలలో ఇరవై రోజులు రోడ్డు మీదే. నేను జాకెట్లు కుడతాను. రంజాన్ అంటే నాకు మిషన్ ఆగకుండా తిరిగే నెల. ఈసారి మిషన్ మీద దుప్పటి కప్పేసి, గడ్డలు గీకే పీట ముందేసుకున్నాను. శివరాత్రి వెళ్లి ఎన్నో రోజులు కాలేదు కాబట్టి బజారులో గెనుసుగడ్డలు, అవే చిలగడదుంపలు, ఇంకా బాగానే దొరుకుతున్నాయి.

మొదటి రోజు మూడు రకాల గడ్డలూ కుక్కర్లో మెత్తగా ఉడకబెట్టి, అన్నీ కలిపి మిక్సీలో వేసి, నున్నగా అయ్యేదాకా తిప్పాను. తిప్పేకొద్దీ అది సాగడం మొదలుపెట్టింది. చెంచా వంచితే పడదు. విదిలిస్తే పడదు. గోడలకు ఎలక్షన్ పోస్టర్లు అంటించే మైదా బంక ఎట్లుంటుందో అట్లుంది. పాలు పోస్తే కారిపోయింది. ఉర్లగడ్డలు అమ్మినవాణ్ణి నాలుగు తిట్లు తిట్టి, ఉన్నంతలో చిక్కగా చేసి నాయన దగ్గరికి తీసుకుపోయాను.

నాయన గిన్నె వంక చూశాడు. తెరిచి ఉన్న వాకిలి వంక చూశాడు. తరువాత మొహం గోడకు తిప్పుకుని ఒక్కటే మాట అన్నాడు.

"ఒక్కపొద్దు."

అమ్మ మంచం పక్కన కూర్చుంది. అమ్మ పేరు పీరమ్మ. గట్టిగా మాట్లాడటం ఆమెకు తెలియదు. "నీకు ఒక్కపొద్దు ఏంటికయ్యా? రోగమొచ్చినోళ్లకు లేదని మసీదు హజరత్ గారు నిన్ననే గదా వచ్చి చెప్పిపోయినాడు?"

నాయన వినలేదు. ఎనిమిదేళ్ల వయసు నుంచి ఒక్కటీ విడవకుండా ఉన్నాడట. ఊరంతా ఉపవాసం ఉన్న పూట పట్టపగలు నోరు తెరిచి తినడం ఆయనకు సిగ్గు. సాయంత్రం మసీదులో సైరన్ మోగాక తింటానన్నట్టు చేత్తో చూపించాడు. సైరన్ మోగేసరికి శివజ్యోతి చెప్పినట్టే అయింది. మెడ నిలబడదు, కళ్లు మూతలు పడతాయి. నాలుగు చెంచాలకే దగ్గు, ఐదోది ఇక పెట్టలేం.

ఐదు రోజులు ఇలాగే గడిచాయి. చొక్కా భుజాల మీద నిలవడం లేదు. మెడ కింది ఎముకలు పైకి తేలాయి.

ఆరో రోజు సాయంత్రం జరిగింది తలుచుకుంటే ఇప్పటికీ నా మొహం వేడెక్కుతుంది. మధ్యాహ్నం నేను ముద్ద కలిపి ఉప్పు వేసి, ఎవరో జాకెట్టు కోసం వస్తే వాకిట్లోకి పోయాను. ఆ లోపల అమ్మ వచ్చి, నేను వేయలేదనుకుని తానూ వేసింది. రుచి చూస్తే తెలిసేది. కానీ మా ఇంట్లో ఒక్కపొద్దులో ఉప్పు చూడటం లేదు. చూసి ఉమ్మేస్తే తప్పు లేదని హజరత్ గారే చెబుతారు. నాయన మాత్రం ఒప్పుకోడు. నాలుక మీద పెట్టాక ఇంకేం ఒక్కపొద్దు అంటాడు. ఆయన నియమమే మా ఇంటి నియమం.

మేము ఖర్జూరం ముట్టకముందే నాయనకు మొదటి చెంచా పెట్టాను. ఆయన మొహం మెలితిరిగిపోయింది. ఉమ్మేశాడు. ఉమ్మలేనిది గొంతులోకి దిగి దగ్గు పట్టుకుంది. పావుగంట దగ్గాడు. అమ్మ వీపు నిమురుతూనే ఉంది. ఆ తరువాత నేను వేలితో తీసి నాకి చూశాను. ఉప్పు కషాయం.

మర్నాడు పొద్దున కొత్తగా చేసుకుని పోతే నాయన మళ్లీ గోడకు తిరిగాడు. నాకు తల తిరిగిపోయింది.

"నువ్వు సచ్చిపోవాలనుకుంటే ఆ మాటే చెప్పు నాయనా!" అని అరిచాను. "నేనీ గడ్డలు గీకేది మానుకుంటా. నా పిల్లోళ్లను ఇడిసిపెట్టి, నా మిషన్ ఇడిసిపెట్టి ఈడ పడుండాను. నీకేమో ఒక్కపొద్దు కావాల్సొచ్చింది."

అమ్మ తస్బీ పూసలు తిప్పడం ఆపింది. నాయన మొహం నాకు కనబడలేదు. ఎడమ భుజం మాత్రం కదిలింది. నేను గిన్నె అక్కడే పెట్టేసి, పెరట్లో నీళ్ల తొట్టి పక్కన కూర్చుని చాలాసేపు ఏడ్చాను. కోపం నాలుక మీదికి రానివ్వకుండా ఉండటమే కదా అసలు ఒక్కపొద్దు. ఆ లెక్కన నాది అక్కడే పోయింది.

ఆ మధ్యాహ్నమే మహానంది మామ వచ్చాడు. ముప్పై ఏళ్లుగా నాయన దగ్గర వంటలో చెయ్యి. నాయన కూలబడినప్పుడు భుజాన వేసుకుని ఆటో ఎక్కించింది ఆయనే. ఈ నెల మసీదులో ఒక్కపొద్దు విడిచేవాళ్లకు గంజి కూడా ఆయనే కాస్తున్నాడు. వంటింట్లోకి వచ్చి, ముద్ద మూత తీసి చూసి, నా కళ్లు చూసి, తాపీగా అడిగాడు.

"ఉప్పు ఎవురు చూస్తాండారు పాపా?"

"ఎవురు చూస్తారు మామా? అందరమూ ఒక్కపొద్దే గదా."

"అదే మరి. రంజాన్లో మాస్టరుకు నాలుక నేనే గదా. ముప్పై ఏళ్లు ఆయప్ప ఆవిరి వాసన చూసి చెప్పేది, నేను నోట్లో ఏసుకుని అవుననేది. నన్ను పిల్చల్యా మీరు." నిష్ఠూరంగా అన్నాడు. తరువాత లోపలి గది వైపు చూశాడు. "మాస్టరును ఆ గోడకేసి పండబెడితే ఆయప్పకేం తోచుతాది? మంచం పొయ్యి కాడికి తెద్దాం పట్టు."

ఇద్దరం మంచం మోసి వెనక వసారాలో పొయ్యికి ఎదురుగా వేశాం. వెనక దిండ్లు పెట్టి నాయనను కూర్చోబెట్టాం. పొద్దున్నే నేను అరిచాక ఆయన నా వైపు చూడలేదు.

మరుసటి రోజు మహానంది మామ వచ్చాక పని మొదలుపెట్టాను. గడ్డలు ఉడికాయి. అలవాటుగా అన్నీ మిక్సీ జారులో వేసి మూత పెట్టబోతున్నాను. వెనక నుంచి దభీమని చప్పుడైంది. నాయన ఎడమ అరచేత్తో మంచం పట్టె మీద కొట్టాడు.

"వొద్దు."

ఏం వద్దో నాకు తెలియలేదు. ఆయన వేలు జారును చూపించింది, తరువాత గోడకు తగిలించిన పిండి జల్లెడను చూపించింది. మహానంది మామ జారులోకి తొంగి చూసి నెత్తి కొట్టుకున్నాడు.

"ఓ పాపా, ఉర్లగడ్డను మిక్సీలో తిప్పుతాండావా? బంక కాక ఏమైతాది? మాస్టరు చూస్తే గరిటెతో కొడ్తాడు."

"చూస్తానే ఉండాడు గదా మామా" అన్నాను.

నాయన నోటి ఎడమ కొస కొంచెం కదిలింది. నవ్వో కాదో నాకు తెలియదు కానీ, నేను నవ్వనే అనుకున్నాను.

ఆ రోజు నాకు మా నాయన వంట నేర్పించాడు. నా ముప్పై రెండేళ్లలో అదే మొదటిసారి. ఆడపిల్ల డేగిసాల దగ్గరికి ఏంటికని ఎప్పుడూ రానివ్వలేదు. ఇప్పుడు ఎడమ చేత్తో, ముద్దమాటలతో, మధ్యలో మహానంది మామ విడమరిచి చెబుతుంటే నేర్చుకున్నాను. ఉర్లగడ్డ తొక్కతోనే, కోయకుండా ఉడకాలి, కోస్తే నీళ్లు తాగుతుంది. వేడి తగ్గకముందే తొక్క తీసి, జల్లెడ మీద పెట్టి గరిటె వీపుతో నొక్కాలి. కింద నూకలాగా రాలుతుంది. క్యారెట్, గెనుసుగడ్డ మిక్సీలో తిప్పుకోవచ్చు, కానీ గెనుసుగడ్డ పీచు గొంతుకు అడ్డం పడుతుంది కాబట్టి దాన్నీ జల్లెడ పట్టాలి. మూడూ కలిపి, నెయ్యి ముందు, కాగిన పాలు తరువాత. పాలు ఒక్కసారి పోయకూడదు. జీలకర్ర వేయించి దంచి, గుడ్డలో జల్లించిన పొడి చిటికెడు.

చెంచా వంచాను. ముద్ద ఒక్క క్షణం నిలబడి, చక్కగా జారి పళ్లెంలో పడింది. ఎర్రగా, నున్నగా ఉంది. నాయన గరిటె దగ్గరికి తెమ్మన్నాడు. ఆవిరి వాసన చూసి కళ్లు మూసుకున్నాడు.

"తక్కువ" అన్నాడు.

ఉప్పు వేశాను. మహానంది మామ చెంచాతో తీసి నోట్లో వేసుకున్నాడు. "ఇప్పుడు సరిపోయింది మాస్టరూ."

రెండు రోజులు ఇలా నడిచింది. నాయన వాసన చూస్తాడు, మహానంది మామ రుచి చూస్తాడు. నాయన కళ్లలోకి ప్రాణం వచ్చింది. కడుపులోకి మాత్రం రాలేదు. పగలు ముట్టడు, సాయంత్రం ఆరేడు చెంచాలకే అలిసిపోతాడు. ఆసుపత్రికి పోవాల్సిన రోజుకు ఇక వారం కూడా లేదు.

పదో రోజు పొద్దున మహానంది మామ మెడకు తువ్వాలు చుట్టుకుని వచ్చాడు. ముక్కు ఎగపీలుస్తున్నాడు.

"పడిశం మాస్టరూ" అన్నాడు మంచం పక్కన కూలబడి. "వాసన తెలీలే, రుచి తెలీలే. ఏం తిన్యా మట్టి మాదిరే ఉండాది."

ఆయన మీసాల్లో పొద్దున టిఫిన్‌కు తిన్న ఉగ్గాని బొరుగు ఒకటి అంటుకుని ఉంది. వేళ్లకు బజ్జీ నూనె ఇంకా మెరుస్తోంది. నేను చూశాను. నేను చూసినట్టు ఆయనా చూశాడు. గబగబా తువ్వాలు కొసతో మీసాలు తుడుచుకున్నాడు.

"దండిగా చేసినావా పాపా?" అన్నాడు నాతో. "మసీదులో పండ్లు లేని ముసలోళ్లు పదిమంది ఉండారు. గంజిలో శనగలు నమలలేక అవస్థ పడతాండారు. సాయంత్రం వాళ్లకు ఇది తీసకపోతానని హజరత్ గారికి మాటిచ్చినా." తరువాత నాయన వైపు తిరిగాడు. "ఒక్కపొద్దుండే మనుషుల నోట్లోకి పొయ్యేది మాస్టరూ. ఉప్పు చూడకుండా ఎట్ల పంపేది? ఆవిరితో సగమే తెలుస్తాదని మీరే అంటారు గదా. నా నోరేమో పనిచెయ్యదు. ఈ ఇంట్లో ఒక్కపొద్దు లేని మనిషి ఇంకెవురుండారు?"

నాయన ఆయన వంక చూశాడు. అమ్మ వంక చూశాడు. అమ్మ తల వంచుకుని తస్బీ తిప్పుకుంటోంది. వాకిలి వంక చూశాడు. నేను లేచి వాకిలి మూయబోయాను. నాయన చేత్తో వద్దన్నాడు.

నోరు తెరిచాడు.

గడ్డం కిందికి వంచి, నాలుక మధ్యలో చెంచా పెట్టాను. ముద్దను అలా ఉంచుకున్నాడు. గొంతు ఒకసారి పైకి లేచి దిగింది. దగ్గు రాలేదు.

"ఉప్పు?"

బొటనవేలూ చూపుడువేలూ కలిపి చిటికెడు చూపించాడు. వేసి కలిపి మళ్లీ పెట్టాను.

"ఇప్పుడు?"

"నెయ్యి."

నెయ్యి వేశాను. ఇంకో చెంచా. జీలకర్ర అన్నాడు. ఇంకో చెంచా. పాలు అన్నాడు. అది కలిశాక మళ్లీ చూడాలిగా, ఇంకో చెంచా. చుక్క నాలుకకు తగిలితే చాలు, డేగిసాకెంత ఉప్పు పడుతుందో చెప్పే మనిషికి ఆ పొద్దు పదకొండు చెంచాలు పట్టింది. పదకొండో దానికి తల ఊపాడు. మహానంది మామ ముక్కు చీదుకోవడానికి పెరట్లోకి పోయాడు. చాలాసేపు రాలేదు.

సాయంత్రం నిజంగానే క్యాను నిండా పట్టుకుపోయాడు. ముసలోళ్లు గిన్నెలు నాకారట. మిగిలినదానితో మేమూ ఒక్కపొద్దు విడిచాం. మేము తింటుంటే నాయన దిండుకు ఆనుకుని ఒక్కొక్కరి మొహమే చూస్తున్నాడు, పెళ్లి పందిట్లో మొదటి బంతి లేచేదాకా చూసినట్టు.

ఆ తరువాత నేను పొద్దున ఒకసారి, మధ్యాహ్నం ఒకసారి వండాను. వండినప్పుడల్లా రెండుసార్లు చొప్పున, నాయన రోజుకు నాలుగుసార్లు ఉప్పు చూశాడు. మహానంది మామ పడిశం తగ్గలేదు. రోజూ తువ్వాలుతోనే వచ్చాడు. మేము మాత్రం ఆ ముద్ద తిని తిని విసిగిపోయాం. లారీ దిగి వచ్చిన రెహమాన్ ఒక సాయంత్రం గిన్నె చూసి, "ఈ పొద్దు కూడా ఇదేనా?" అన్నాడు. మా నాయన ఉప్పు చూసింది, మాట్లాడకుండా తినమన్నాను.

పదహైదో రోజు కడప పోయాం. శివజ్యోతి నాయనను కాటా మీద కూర్చోబెట్టి, కాగితం చూసి, మళ్లీ కాటా చూసింది. ఇంటికి పంపినప్పటికంటే తగ్గలేదు, అరకిలో పెరిగాడు.

"ఏం పెట్టినావక్కా?"

"నేనేం పెట్టల్యా" అన్నాను. "ఆయప్పే ఉప్పు చూసినాడు."

ఆమెకేం అర్థమైందో గానీ నవ్వింది. పెద్ద డాక్టరు గొట్టం మాట ఎత్తలేదు.

పండగ పొద్దున సేమ్యా ఒకవైపు, ముద్ద ఒకవైపు చేశాను. సేమ్యా పాలు పల్చన, నాయనకు పనికిరావు. నాయనకు కొత్త చొక్కా తొడిగి కూర్చోబెట్టాం. అలవాటుగా చెంచా నోటి దగ్గరికి తీసుకుపోతే నాయన తల అడ్డంగా ఊపాడు. మళ్లీ మొదలైందా అనుకున్నాను. ఎడమ చేత్తో ఆ చెంచాను నా వైపు తోశాడు.

"నువ్వు... చూడు."

నెల రోజులుగా వండుతున్నా, వండేటప్పుడు ఉప్పు నా నాలుకతో చూడటం అదే మొదలు. కొంచెం తక్కువైంది. ఆ మాటే చెప్పాను. ఆయన అవునన్నట్టు కళ్లు మూసి తెరిచాడు.

"నాయనా, ఆ పొద్దు నేనన్న మాట..." అన్నాను. మిగతాది రాలేదు. ఆయన ఎడమ చెయ్యి నా నెత్తి మీద పెట్టి, బరువుగా, అలాగే ఉంచాడు.

నమాజు అయిపోయిన వేళకు మహానంది మామ వచ్చాడు. తెల్ల చొక్కా, మెడలో అదే తువ్వాలు. నాయనను కావలించుకుని పక్కన కూర్చుని, ముక్కు ఒకసారి ఎగపీల్చాడు. నాయన ఆయన్ని పైనుంచి కిందికి చూశాడు. ఒక్కొక్క మాటా కూడగట్టుకుంటూ అడిగాడు.

"మహానందీ... పడిశం... తగ్గిందా?"

మహానంది మామ గబుక్కున నా వైపు చూశాడు. నేను చెప్పలేదని తల ఊపాను. ఆయన తువ్వాలు తీసి మడిచి ఒళ్లో పెట్టుకున్నాడు. కళ్లెత్తలేదు.

"ఈ పొద్దే తగ్గింది మాస్టరూ."

నాయన గిన్నెను ఎడమ చేత్తో మెల్లగా ఆయన ముందుకు జరిపాడు.

"అయితే... ఉప్పు చూడు."